మార్సెల్ మార్సో గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

కాలేజీ ఫెస్టుల్లో మైమ్ (మాటల్లేకుండా ఒంటి కదలికలతోనే కథ చెప్పే అభినయం) వేసే పిల్లలు, వర్క్‌షాపులకు వచ్చేవాళ్లు, పాత వీడియో ఏదో చూసి "ఎవరండీ ఈయన?" అని మెసేజ్ పెట్టేవాళ్లు... అందరూ అడిగేవి దాదాపు ఇవే. కొన్నిటికి ఒక్క ముక్కలో జవాబు చెప్పేయొచ్చు. కొన్నిటికి కాస్త ఓపిక కావాలి.

ఇంతకీ ఎవరీ మార్సెల్ మార్సో?

ఫ్రాన్స్‌కు చెందిన మైమ్ కళాకారుడు. 1923 మార్చి 22న స్ట్రాస్‌బూర్గ్‌లో పుట్టారు. 2007 సెప్టెంబర్ 22న, 84 ఏళ్ల వయసులో పోయారు. తెల్లరంగు పూసిన ముఖం, చారల బనీను, నలిగిన పొడుగు టోపీ, దాని మీద ఊగులాడే ఎర్రపువ్వు... మైమ్ అనగానే మనకు తట్టే ఆ రూపం ఆయనదే. మరుగున పడుతున్న కళను ఆయనొక్కడే ప్రపంచమంతా తిప్పాడని అభిమానులు అంటారు. ఆయనకు ముందు గురువులున్నారు, తోటివాళ్లున్నారు కాబట్టి అందులో కొంత అతిశయోక్తి ఉంది. కానీ టికెట్ కొనుక్కుని, రెండు గంటలు ఒక్క మాట కూడా వినకుండా ఒక్క మనిషినే చూడటానికి జనం వస్తారని నిరూపించింది మాత్రం ఆయనే.

మార్సో అసలు పేరు కాదట కదా?

కాదు. పుట్టినప్పటి పేరు మార్సెల్ మాంగెల్. యూదు కుటుంబం. నాన్న షార్ల్ పోలండ్‌లోని బెంజిన్ నుంచి వలస వచ్చి స్ట్రాస్‌బూర్గ్‌లో మాంసం కొట్టు నడిపేవారు. అమ్మ ఆన్ పుట్టింది ఇప్పటి ఉక్రెయిన్‌లో ఉన్న ఊళ్లో. నాజీలు ఫ్రాన్స్‌ను ఆక్రమించాక మాంగెల్ అనే పేరుతో తిరగడం ప్రాణాల మీదికి తెచ్చుకోవడమే. అందుకని మార్సెల్, ఆయన తోడబుట్టిన అలెన్ ఇద్దరూ ఫ్రెంచి విప్లవ కాలంనాటి సేనాని మార్సో పేరు పెట్టుకున్నారు. విక్టర్ హ్యూగో కవితలో ఆ సేనాని ప్రస్తావన ఉంది, అక్కడి నుంచే తీసుకున్నారు. దొంగ కాగితాల కోసం పెట్టుకున్న పేరే తర్వాత పోస్టర్ల మీద పడింది.

మైమ్ పిచ్చి ఎలా పట్టుకుంది?

ఐదేళ్ల వయసులో అమ్మ తీసుకెళ్లి చార్లీ చాప్లిన్ సినిమా చూపించింది. అంతే, ఇంటికొచ్చి నాన్న ప్యాంటు తొడుక్కుని, మీసం గీసుకుని చాప్లిన్‌లా నడవడం మొదలు. ఇంతవరకు ఆ కాలంలో లక్షల మంది పిల్లలు చేసిందే. ఈయన ఆపలేదు, తేడా అదే.

చాలా ఏళ్ల తర్వాత, 1967లో, పారిస్ ఓర్లీ విమానాశ్రయంలో చాప్లిన్ ఎదురుపడ్డారు. తాను ఆయన చెయ్యి ముద్దు పెట్టుకున్నాననీ, చాప్లిన్ కళ్లలో నీళ్లు తిరిగాయనీ మార్సో చెప్పుకునేవారు.

యుద్ధ సమయంలో పిల్లల్ని కాపాడారన్నది నిజమేనా, సినిమా కోసం అల్లిన కథా?

నిజమే. ఆయన కథతో తీసిన 'రెసిస్టెన్స్' సినిమా 2020లో వచ్చింది. సంగతి అంతకు చాలా ముందు నుంచీ తెలిసిందే. ఈ ప్రశ్నకు కాస్త పెద్ద జవాబు చెప్పాలి.

1939లో రెండో ప్రపంచ యుద్ధం మొదలవగానే జర్మనీ సరిహద్దులో ఉన్న స్ట్రాస్‌బూర్గ్‌ను ఖాళీ చేయించారు. అప్పుడు మార్సెల్‌కు 16 ఏళ్లు. కుటుంబం నైరుతి ఫ్రాన్స్‌కు చేరింది. ఆ తర్వాత లిమోజ్‌లో ఆయన చిత్రకళ నేర్చుకున్నాడు, అన్నదమ్ములిద్దరూ నాజీల మీద సాగుతున్న రహస్య ప్రతిఘటన ఉద్యమంలో కలిశారు. ఆయనకు అప్పగించిన మొదటి పని మైమ్‌కి సంబంధించింది కాదు, బొమ్మలు గీసే చేతికి సంబంధించింది. గుర్తింపు కార్డుల్లో వయసులు మార్చాలి. కుర్రాళ్లను జర్మనీకి కూలీలుగా పట్టుకుపోతున్న రోజులవి. కార్డు మీద వయసు తక్కువగా కనిపిస్తే వాడు బతికిపోతాడు. క్రేయాన్లు, సిరాతో ఆయన ఆ పని చేసేవాడు.

తర్వాత పిల్లల్ని సరిహద్దు దాటించే పని. దీనికి పెద్ద దిక్కు ఆయనకు వరసకు అన్నయ్యే, జార్జ్ లువాంజే. యూదు పిల్లల సంక్షేమ సంస్థ తరఫున వందల మంది పిల్లల్ని స్విట్జర్లాండ్ పంపించిన మనిషి, 108 ఏళ్లు బతికి 2018లో పోయారు. సరిహద్దు పక్కన పిల్లల్ని బంతాట ఆడించి, బంతి కోసం పరుగెత్తినట్టు అటువైపు దాటించడం ఆయన ఎత్తుల్లో ఒకటి. మార్సో కూడా కొన్ని గుంపుల్ని వెంటబెట్టుకుని వెళ్లాడు. సెలవులకు విహారానికి వెళుతున్న పిల్లల్లా కనిపించాలి. ఎవరూ ఏడవకూడదు, గట్టిగా మాట్లాడకూడదు. భయపడ్డ పిల్లల్ని నోరు మెదపకుండా నవ్వించడం ఆయనకు చేతనైన పని. పిల్లలు ఆయన్ని చూస్తే కుదుటపడేవారని లువాంజే తర్వాతి రోజుల్లో గుర్తుచేసుకున్నారు.

ఎంతమందిని దాటించాడు? కనీసం డెబ్బై మందినని ఎక్కువగా చెబుతారు. మైమ్ పుట్టిందే ఆ అడవి దారుల్లో అన్నట్టు రాసే వ్యాసాలు మాత్రం నాకు నచ్చవు. పిల్లలకు చేసి చూపించింది ఒక చురుకైన కుర్రాడి అల్లరి. ఆ తర్వాత నేర్చుకున్నది కొన్నేళ్ల కఠిన సాధన. రెంటినీ కలిపేస్తే ఇటు ధైర్యానికీ న్యాయం జరగదు, అటు చదువుకీ జరగదు.

నాన్నను 1944లో పట్టుకుపోయారు. పారిస్ దగ్గరి ద్రాన్సీ శిబిరం మీదుగా నాజీల మరణశిబిరం ఆష్విట్జ్‌కు పంపి చంపేశారు. అమ్మ బతికింది. యుద్ధం గురించి మార్సో ఎన్నో ఏళ్లు బయట పెద్దగా మాట్లాడలేదు. 2001లో మిషిగన్ విశ్వవిద్యాలయం వాళ్లు వాలెన్‌బర్గ్ పతకం ఇచ్చినప్పుడు మాత్రం విపులంగా చెప్పారు.

మొదటి పెద్ద ప్రదర్శన ఎక్కడ?

సైనికుల ముందు. పారిస్ విముక్తి తర్వాత ఆయన ఫ్రెంచి సైన్యంలో చేరాడు. ఇంగ్లిష్ వచ్చు కాబట్టి అమెరికన్ జనరల్ ప్యాటన్ సేనతో సంధానకర్తగా పెట్టారు. అక్కడ దాదాపు 3,000 మంది సైనికుల ముందు చేశాడు.

గురువులు ఎవరు?

1946లో పారిస్‌లో షార్ల్ దులాన్ నాటక పాఠశాలలో చేరాడు. అక్కడ దొరికిన అసలు గురువు ఎతియెన్ దెక్రూ. ఆధునిక మైమ్‌కు వ్యాకరణం రాసింది ఆయనే అనొచ్చు. తల, మెడ, ఛాతీ, నడుము, కటి... దేన్ని కదిపితే తక్కినవి ఏం చేయాలో విడివిడిగా సాధన చేయించేవారు. జనాన్ని నవ్వించడం మీద ఆయనకు పెద్ద గౌరవం లేదు. శిష్యుడికి జనం కావాలి. ఆ తేడా చివరిదాకా ఉంది. దెక్రూ దారిలో నడిచినవాళ్లు మార్సోను జనం కోసం తేలిక చేశాడని ఇప్పటికీ అంటారు. ఆ మాటలో కొంత నిజం ఉంది. అయితే దెక్రూ పేరు ఫ్రాన్స్ బయట ఇంతమందికి తెలియడానికి కారణం కూడా ఆ శిష్యుడే.

జాన్ లూయీ బారో నాటక బృందంలో అర్లెకాన్ అనే విదూషకుడి పాత్ర వేసినప్పుడు మార్సోకు మొదటిసారి పేరొచ్చింది. 1949లో సొంత బృందం పెట్టాడు. రష్యన్ రచయిత గొగోల్ రాసిన 'ఓవర్‌కోట్' కథను మాటల్లేని నాటకంగా వేసింది ఆ బృందమే.

బిప్ ఎవరు?

మార్సో సృష్టించిన పాత్ర. 1947లో, తన 24వ పుట్టినరోజున, పారిస్‌లోని తియాత్ర్ ద పోష్ అనే చిన్న థియేటర్లో మొదటిసారి కనిపించాడు. చాప్లిన్‌కు ఆ దేశదిమ్మరి ఎలాగో, మార్సోకు బిప్ అలాగ. పేరు డికెన్స్ నవలలోని పిప్ నుంచి వచ్చింది. సీతాకోకచిలుకలు పట్టబోతాడు, సింహాన్ని ఆడించబోతాడు, రైలెక్కుతాడు, విందుకెళతాడు. ఎక్కడికెళ్లినా ప్రపంచం అతని కంటే ఒక సైజు పెద్దది.

సీతాకోకచిలుక అంశం చిన్నదే గానీ గమనించి చూడండి. బిప్ దాన్ని పట్టుకుంటాడు. వేళ్ల చివర్ల మధ్య రెక్కలు కొట్టుకోవడం మనకు కనిపిస్తుంది. ఆ కొట్టుకోవడం మెల్లగా తగ్గుతుంది. అతని ముఖం చూడక్కర్లేదు, వేళ్లు చూస్తే చాలు, ఏం జరిగిందో తెలుస్తుంది.

ముఖానికి తెల్లరంగు ఎందుకు?

ఆయన కనిపెట్టింది కాదది. 19వ శతాబ్దంలో పారిస్‌లో జాన్ గాస్పార్ దెబ్యూరో అనే నటుడు పియెరో అనే అమాయకపు విదూషకుడి పాత్రను తెల్ల ముఖంతో ఆడి ఊరంతటినీ ఊపేశాడు. మార్సో ఆ వేషాన్ని తిరిగి పట్టుకున్నాడు. పనికొచ్చే కారణం ఇంకొకటుంది. పెద్ద హాల్లో చివరి వరస నుంచి చూసేవాడికి కనుబొమ్మ కదలిక, పెదవి విరుపు అందాలి. తెల్లటి ముఖం మీద నల్లగా దిద్దిన కళ్లు, ఎర్రటి పెదవులు దూరానికి కూడా కనిపిస్తాయి.

మన విశ్వవిద్యాలయ యువజనోత్సవాల్లో మైమ్ పోటీకి వచ్చే బృందాలు ముఖాలకు తెల్లరంగు, ఒంటికి నల్ల బట్టలు వేసుకుంటాయి కదా, ఆ తెల్లరంగు ఇక్కడి నుంచే వచ్చింది. చిన్న గదిలో, నాలుగడుగుల దూరంలో చేసేటప్పుడు కూడా అంత మందంగా పూయాలా అన్నది ఆలోచించుకోవాల్సిన విషయమే.

తప్పకుండా చూడాల్సిన అంశాలు ఏవి?

నన్నడిగితే ముందు 'ముసుగులు చేసేవాడు'. ఒకడు ముసుగులు తయారుచేసి ఒక్కొక్కటీ పెట్టుకుని చూసుకుంటాడు. చేతిలో ముసుగేమీ ఉండదు. అరచేతులు ముఖం ముందు నుంచి దాటిపోగానే ముఖం మారిపోతుంది. నవ్వు, ఏడుపు, నవ్వు, ఏడుపు, అంతకంతకూ వేగంగా. ఉన్నట్టుండి నవ్వు ముసుగు ఇరుక్కుపోతుంది. లాగుతాడు, రాదు. నేలకేసి తల కొట్టుకోబోతాడు, రాదు. ఇక్కడే ఉంది ఆయన పనితనమంతా. ముఖం చెవులదాకా నవ్వుతూనే ఉంటుంది, భుజాలు, ఛాతీ, మోకాళ్లు మాత్రం ఏడుస్తుంటాయి. మెడకు పైన ఒక మనిషి, కింద ఇంకో మనిషి. దెక్రూ నేర్పిన విడివిడి కదలిక ఎందుకు పనికొస్తుందో ఇది చూస్తే అర్థమవుతుంది. చివరికి ముసుగు ఊడొచ్చాక బయటపడే ఆ అలసిన ముఖం చూసి హాల్లో నవ్వులు ఆగిపోతాయి.

రెండోది 'పంజరం'. లేని గోడలు తడుముకుంటూ ఇరుకులో చిక్కుకున్నవాడు చివరికి సందు చేసుకుని బయటపడతాడు. ఇంకో పంజరంలో పడతాడు.

మూడోది 'యవ్వనం, ప్రౌఢత్వం, వార్ధక్యం, మరణం'. నాలుగైదు నిమిషాల అంశం. ముడుచుకున్న శిశువుగా మొదలై, నిలబడి, నడుస్తూ నడుస్తూ వయసు మీదపడి, మళ్లీ ముడుచుకుపోతాడు. ఉన్నచోటు నుంచి ఒక్క అడుగు కూడా ముందుకు పోడు. పాతికేళ్ల నడకకు, అరవై ఏళ్ల నడకకు మధ్య మార్పు ఏ క్షణంలో వచ్చిందో పట్టుకోవడానికి ప్రయత్నించండి, దొరకదు.

'పార్కు' సరదాగా ఉంటుంది. ఒక్కడే బెలూన్లమ్మేవాడు, ఊలు అల్లుకుంటూ కబుర్లాడే ముసలావిడ, పిల్లలు, కాపలాదారు అందరూ అయిపోతాడు.

లేని గోడ ఉన్నట్టు ఎలా కనిపిస్తుంది?

వర్క్‌షాపుల్లో అందరికీ ముందు కావాల్సింది ఇదే. అరచేతులు గాల్లో ఆనించడమే గోడ అనుకుంటారు. అది సగం కూడా కాదు.

ముందు కన్ను గోడను చూడాలి. చెయ్యి ఆ తర్వాతే వెళ్లాలి. వెళ్లేటప్పుడు వేళ్లు వదులుగా, కాస్త వంగి ఉండాలి. గోడ తగిలిన క్షణంలో వేళ్లన్నీ ఒక్కసారిగా చదునై, మణికట్టు టక్కున ఆగాలి. ఆ ఆగడమే గోడ. ఇక అరచెయ్యి గాల్లో ఆ చోటు నుంచి ఒక్క అంగుళం జరగడానికి లేదు. శరీరం అటూ ఇటూ కదులుతుంటే మోచెయ్యి, భుజం ఆ కదలికను మింగాలి. చెయ్యి తీసేటప్పుడు మళ్లీ వదులవ్వాలి. రెండో చెయ్యి ఆనేటప్పుడు మొదటి చెయ్యి ఉన్న వరసలోనే ఆనాలి. లేకపోతే గోడ వంకరగా కట్టినట్టుంటుంది. అద్దం ముందు కాకుండా, నిజం గోడ ముందు మొదలుపెట్టడం మేలు. నాలుగు రోజులు నిజం గోడను ముట్టుకుని, తర్వాత అడుగు వెనక్కి జరిగి చేయండి.

బరువు ఎత్తడం, తాడు లాగడం కూడా ఇంతే. పెట్టె బరువు చేతుల్లో కనిపించదు. ఎత్తడానికి ముందు మోకాళ్లలో, నడుములో కనిపిస్తుంది.

మైకేల్ జాక్సన్ మూన్‌వాక్ ఆయన దగ్గర నుంచే వచ్చిందా?

ఇది వాట్సాప్‌లో తిరిగినంత సూటిగా లేదు. మార్సోకు 'గాలికి ఎదురునడక' అనే పేరున్న అంశం ఉంది. ముందుకు ఒరిగి నడుస్తుంటాడు, కాలు మాత్రం వెనక్కి జారుతుంది. మైకేల్ జాక్సన్ ఆయనకు అభిమాని, స్నేహితుడు కూడా. పోలిక కళ్లకు కనిపిస్తూనే ఉంది. కానీ వెనక్కి జారే ఆ అడుగును అమెరికాలో బిల్ బెయిలీ అనే నల్లజాతి ట్యాప్ నర్తకుడు 1950ల్లోనే వేసిన ఫిల్మ్ ఉంది. అంతకుముందు గాయకుడు క్యాబ్ కాలోవే దానికి దగ్గరగా ఉండే అడుగు వేసేవాడు. ఉన్నచోట నడిచే పద్ధతి మార్సోకు సొంతం కాదు, 1930ల్లో దెక్రూ, బారో కలిసి తయారుచేసింది. కాబట్టి జాక్సన్ మార్సోను చూసి ఆనందించాడంటే సరే. మూన్‌వాక్ మార్సోదే అంటే మాత్రం నల్లజాతి నర్తకులకు అన్యాయం చేసినట్టే.

అమెరికాలో అంత పేరు ఎలా వచ్చింది?

1955లో ముందు కెనడాలోని స్ట్రాట్‌ఫోర్డ్ ఉత్సవంలో చేసి, అక్కడి నుంచి న్యూయార్క్ ఫీనిక్స్ థియేటర్‌కు వచ్చారు. జనం పట్టక ఇంకా పెద్దదైన బ్యారీమోర్ థియేటర్‌కు మార్చాల్సి వచ్చింది. 1956లో అమెరికా టీవీ రంగంలో ఇచ్చే ఎమ్మీ అవార్డు. టీవీ అప్పుడప్పుడే ఇళ్లలోకి వస్తున్న కాలం. భాష అడ్డురాని మనిషి దొరికితే టీవీ వాళ్లు వదులుతారా!

సినిమాలు చేశారా?

చేశారు, కానీ ఆయన స్టేజీ మనిషి. 1968లో 'బార్బరెల్లా'లో ప్రొఫెసర్ పింగ్ వేషం, 1974లో 'షాంక్స్'. అందరికీ గుర్తుండేది 1976లో మెల్ బ్రూక్స్ తీసిన 'సైలెంట్ మూవీ'. మాటల్లేని ఆ సినిమాలో నటించమని ఆయనకు ఫోన్ వస్తుంది. గాలికి ఎదురీదుతూ ఫోన్ దగ్గరికి వచ్చి, "నాన్!" అంటారు. వద్దు అని ఫ్రెంచిలో. సినిమా మొత్తంలో వినిపించే ఒకే ఒక్క మాట అది, అదీ మైమ్ కళాకారుడి నోట.

బయట కూడా అంత మౌనంగా ఉండేవారా?

అబ్బే! మొదలెడితే ఆపేవారు కాదు. మైమ్ చేసేవాణ్ణి మాట్లాడించొద్దు, ఆపడం మీ వల్ల కాదు అని తన మీద తానే జోకు వేసుకునేవారు.

నిశ్శబ్దంతో రికార్డు వేశారట, నిజమా?

1970లో ఆయన పేరుతో ఒక ఎల్‌పీ వచ్చింది. ఒక్కో వైపు 19 నిమిషాల నిశ్శబ్దం, చివర ఒక నిమిషం చప్పట్లు. రికార్డు కంపెనీ వేళాకోళం. అట్ట మీద ఆయన పేరు కూడా తప్పుగా అచ్చేశారు.

మనకు ఆంగికాభినయం ఉండగా ఈ ఫ్రెంచి మైమ్ నేర్చుకోవడం దేనికి?

మంచి ప్రశ్నే. భామాకలాపంలో సత్యభామ కృష్ణుడికి లేఖ రాసే ఘట్టం చూడండి. చేతిలో ఆకూ లేదు, గంటమూ లేదు, అయినా రెండూ మనకు కనిపిస్తాయి. అయితే అక్కడ పాట ఉంది, వాచికం ఉంది, చూసేవాడికి ముందే తెలిసిన కథ ఉంది. హస్తముద్రలకు శాస్త్రం చెప్పిన అర్థాలున్నాయి. మార్సో పద్ధతిలో ఆ ఆసరాలేవీ ఉండవు. కథ తెలియనివాడికి, ముద్రలు తెలియనివాడికి వస్తువు బరువుతో, ఆకారంతో చెప్పాలి. నాట్యం నేర్చుకున్న పిల్లలు మైమ్‌కి వస్తే కళ్లతో అద్భుతాలు చేస్తారు. కానీ గ్లాసు పట్టుకోమంటే ముద్ర పడుతుంది. మైమ్‌లో గ్లాసుకు మందం ఉండాలి, తాగాక తేలికవ్వాలి. రెండూ నేర్చుకున్నవాళ్లకు ఇబ్బందేమీ లేదు, ఎప్పుడు ఏది వాడాలో తెలిస్తే చాలు.

ఆయన స్కూలు ఇప్పటికీ ఉందా?

లేదు. 1978లో పారిస్‌లో అంతర్జాతీయ మైమోడ్రామా పాఠశాల పెట్టారు. దేశదేశాల నుంచి పిల్లలు వచ్చేవారు. 2005లో మూతపడింది. ఏళ్ల తరబడి ఊళ్లు తిరిగి సంపాదించిందంతా బృందానికీ స్కూలుకీ పోతే ఏమవుతుందో అదే అయింది.

చివరి రోజులు ఎలా గడిచాయి?

80 దాటాక కూడా ప్రదర్శనలిచ్చారు. 1985లో మాస్కోలో అల్సర్ పగిలి ప్రాణం మీదికి వచ్చినా కోలుకుని మళ్లీ స్టేజీ ఎక్కిన మనిషి. గౌరవాలకు లోటు లేదు. ఫ్రెంచి లలిత కళల అకాడమీ సభ్యత్వం, ఫ్రాన్స్ అత్యున్నత పురస్కారం లీజియన్ ఆఫ్ ఆనర్, 1999 మార్చి 18ని న్యూయార్క్ నగరం మార్సెల్ మార్సో దినంగా ప్రకటించడం, 2002లో వృద్ధాప్యంపై జరిగిన ఐక్యరాజ్యసమితి సదస్సుకు రాయబారిగా ఉండటం... జాబితా పెద్దదే. మూడు పెళ్లిళ్లు, నలుగురు పిల్లలు.

పోయాక పారిస్‌లోని పేర్ లషేజ్ శ్మశానంలో ఖననం చేశారు. మొజార్ట్, బాఖ్ సంగీతం వినిపించారు. అప్పులు మాత్రం మిగిలాయి. 2009లో దుస్తులు, బొమ్మలు, ఉత్తరాలు పారిస్‌లో వేలానికి వచ్చాయి.

మరి మైమ్ అంటే చాలామంది ఎందుకు నవ్వుతారు?

ఆయన విజయమే కారణం. ఆయన్ని చూసి వీధి మూలల్లో చారల బనీనులు వేసుకుని గోడలు తడిమేవాళ్లు ఎక్కువైపోయారు. గోడ మాత్రమే నేర్చుకుని, గోడ వెనక మనిషిని వదిలేశారు. అమెరికాలో అయితే మైమ్ వేసేవాడు కార్టూన్లకు సరుకైపోయాడు. మన దగ్గర ఆ పరిస్థితి అంతగా లేదు గానీ, ఫెస్టుల్లో వేసే ప్రతి మైమూ సెల్‌ఫోన్ చెడ్డది, చెట్లు నరకొద్దు అనే సందేశంతోనే ముగియడం మన సొంత జబ్బు. న్యాయనిర్ణేతలు కూడా దానికే మార్కులు వేస్తారు, ఏం చేస్తాం.

ఎక్కడి నుంచి చూడటం మొదలుపెట్టాలి?

'ముసుగులు చేసేవాడు', ఆ తర్వాత సీతాకోకచిలుక అంశం. సంగీతం కలిపి ఎడిట్ చేసినవి, మూడు నిమిషాలకు కుదించినవి వదిలేయండి. ఫోన్లో కాకుండా కాస్త పెద్ద స్క్రీన్ మీద చూస్తే వేళ్ల పని తెలుస్తుంది. నేర్చుకునే ఉద్దేశంతో చూస్తున్నవాళ్లు రెండోసారి ముఖాన్ని చేత్తో కప్పేసి కాళ్లు మాత్రమే చూడండి. మూడోసారి ఛాతీ.